‘డీఎల్‌ఎల్ ఫైలు లేదు’ అని కంప్యూటర్ చెబితే: తరచుగా అడిగే ప్రశ్నలు

విజయవాడ గవర్నర్‌పేటలో కంప్యూటర్లు బాగుచేసే పని మాది. ఏలూరు రోడ్డు ప్రింటింగ్ ప్రెస్సులు, గుంటూరు మిర్చి యార్డు కమీషన్ కొట్లు, ఆడిటర్ల ఆఫీసులు, ఇంజినీరింగ్ విద్యార్థుల ల్యాప్‌టాప్‌లు, ఎక్కడి నుంచి వచ్చిన యంత్రమైనా ‘ఫలానా ఫైలు లేదంటోంది’ అనే ఫిర్యాదు మాత్రం తప్పడం లేదు. ఆ సందేశం చూడగానే చాలామంది ఫైలు పేరును ఇంటర్నెట్‌లో వెతికి, ఎక్కడ దొరికితే అక్కడి నుంచి దింపుకుంటున్నారు. దయచేసి ఆ పని చేయకండి. ఎందుకు చేయకూడదో, దానికి బదులు ఏం చేయాలో చెప్పడానికే ఈ పేజీ.

ఫైలు పేర్లను, ఆదేశాలను ఇక్కడ తెలుగు అక్షరాల్లో రాశాం. తెరపై అవి ఇంగ్లీషు అక్షరాల్లో కనిపిస్తాయి. మీరు టైపు చేసేటప్పుడు కూడా ఇంగ్లీషులోనే చేయాలి.

అసలు డీఎల్‌ఎల్ ఫైలు అంటే ఏమిటి?

డైనమిక్ లింక్ లైబ్రరీ. తెరపై అక్షరాలు గీయడం, ఫైలు తెరిచే పెట్టె చూపించడం, ప్రింటర్‌కు పేజీ పంపడం వంటి పనులు దాదాపు ప్రతి ప్రోగ్రామ్‌కూ కావాలి. వాటిని ఎవరికి వారు మొదటి నుంచి రాసుకోరు. ఒకసారి రాసి ఒక ఫైలులో పెడితే, అవసరమైన ప్రోగ్రాములన్నీ ఆ ఫైలునే పిలిచి వాడుకుంటాయి. పెళ్లి చేసే ప్రతి ఇంటివారూ గంగాళాలు కొనుక్కోకుండా షామియానా సప్లయర్ దగ్గర తెచ్చుకుంటారు కదా, అలాంటి ఏర్పాటే ఇది.

1985లో వచ్చిన మొట్టమొదటి విండోస్ నుంచీ ఈ పద్ధతి ఉంది. దీనివల్ల డిస్కులో చోటు మిగులుతుంది. పది ప్రోగ్రాములు ఒకే లైబ్రరీని వాడుతున్నా దాని కోడ్ మెమరీలో సాధారణంగా ఒక్కసారే ఉంటుంది. లైబ్రరీలో భద్రతా లోపం బయటపడితే ఆ ఒక్క ఫైలును సరిచేస్తే చాలు, అందరికీ సరిపోతుంది. ఇబ్బంది కూడా ఇందులోనే ఉంది. ఆ ఒక్క ఫైలు పోయినా, చెడినా, వేరే వెర్షన్‌తో మారిపోయినా దాని మీద ఆధారపడిన ప్రోగ్రాములన్నీ ఆగిపోతాయి.

నిన్నటి దాకా బాగానే పనిచేసింది. ఫైలు దానంతట అదే ఎలా పోతుంది?

దానంతట అది పోదు. ఎవరో ఒకరు, లేదా ఏదో ఒక ప్రోగ్రామ్ తీసేసి ఉంటుంది.

మేము ఎక్కువగా చూసే కారణం ఇది. కంట్రోల్ ప్యానెల్‌లో ప్రోగ్రాముల జాబితా తెరిస్తే ‘మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్’ అనే పేరు 2008, 2010, 2012, 2013 అంటూ వరసగా కనిపిస్తుంది. ఒక్కో సంవత్సరానికి రెండేసి కూడా ఉంటాయి. ఒకే వస్తువు అన్నిసార్లు ఎందుకు పడిందోనని, చోటు కలిసొస్తుందని చాలామంది వాటిని తీసేస్తారు. నిజానికి అవి ప్రోగ్రాములకు కావలసిన డీఎల్‌ఎల్ ఫైళ్లను కట్టగా తెచ్చే ప్యాకేజీలు, వాటిలో ఏ రెండూ ఒకటి కావు. 2010 ప్యాకేజీని నమ్ముకున్న ప్రోగ్రామ్‌కు 2013ది పనికిరాదు. ‘కంప్యూటర్ శుభ్రం చేస్తాం’ అనే ప్రోగ్రాములు చేసే నష్టం కూడా చాలాసార్లు ఇలాంటిదే.

రెండోది యాంటీవైరస్. అనుమానం వచ్చిన ఫైలును అది పక్కకు తీసి బంధించి ఉంచుతుంది. విండోస్ సెక్యూరిటీలో ‘ప్రొటెక్షన్ హిస్టరీ’ తెరిస్తే ఏ రోజు ఏ ఫైలును పట్టుకుందో కనిపిస్తుంది. అక్కడి నుంచి వెనక్కి తెచ్చుకోవచ్చు. కాకపోతే ఆ ఫైలు నమ్మకమైన ప్రోగ్రామ్‌దేనని మీకు రూఢిగా తెలిసినప్పుడు మాత్రమే తెచ్చుకోండి.

మూడోది కరెంటు. అప్‌డేట్ సగంలో ఉండగా సరఫరా పోతే కొన్ని ఫైళ్లు సగం రాసి ఆగిపోవచ్చు. యూపీఎస్ బ్యాటరీ నీరసించినా మార్చకుండా నెట్టుకొచ్చే ఆఫీసుల్లో మే నెల ఎండలప్పుడు ఇది మామూలే.

డిస్కు చెడిపోవడం నాలుగోది. అన్నిటికన్నా ప్రమాదకరమైనదీ ఇదే. ఈ రోజు ఒక ఫైలు లేదని, వారం తర్వాత ఇంకొకటి లేదని, ఒక్కోసారి ఒక్కో పేరుతో సందేశం వస్తుంటే మరమ్మతు ఆలోచన పక్కనపెట్టి ముందు మీ సొంత ఫైళ్లను వేరే డిస్కులోకి కాపీ చేసుకోండి. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి సింగ్‌నగర్ వైపు నీరు నిలిచినప్పుడు తడిసిన యంత్రాలను ఆరబెట్టి వాడుకుంటున్నవారికి ఈ మాట మరీ గట్టిగా చెబుతున్నాం. ఆన్ అయినంత మాత్రాన ఆ డిస్కును నమ్మకండి.

ఫైలు పేరును బట్టి అది దేనికి చెందినదో చెప్పవచ్చా?

చాలావరకు చెప్పవచ్చు. సందేశం రాగానే ‘ఓకే’ నొక్కేయకుండా ఫోనుతో ఫోటో తీసుకోండి. పేరులో ఒక్క అంకె తేడా వచ్చినా దారి మారిపోతుంది.

‘ఎంఎస్‌వీసీపీ140’, ‘వీసీరన్‌టైమ్140’ అని ఉంటే అవి విజువల్ సీ ప్లస్ ప్లస్ 2015కు, ఆ తర్వాతి వెర్షన్లకు వర్తించే ఉమ్మడి ప్యాకేజీవి. మైక్రోసాఫ్ట్ సొంత సైటులో ఉచితంగా దొరుకుతుంది. ఇదే వరసలో ‘వీసీరన్‌టైమ్140’ తర్వాత అడుగు గీత, 1 అంకె ఉన్న పేరు కనిపిస్తే మీ దగ్గర ప్యాకేజీ ఉంది కానీ పాతది అని అర్థం. ఆ ఫైలు 2019 వెర్షన్‌తో వచ్చి చేరింది. కొత్త ప్యాకేజీ వేస్తే సరిపోతుంది.

‘ఎంఎస్‌వీసీఆర్120’ 2013 ప్యాకేజీది. 110 ఉంటే 2012, 100 ఉంటే 2010. వీటికి ఆ సంవత్సరపు ప్యాకేజీయే కావాలి, కొత్తది వేసి ప్రయోజనం లేదు. 2008 నాటి ప్రోగ్రాములు మాత్రం చాలాసార్లు ఫైలు పేరు చెప్పవు. ‘సైడ్ బై సైడ్ కాన్ఫిగరేషన్’ సరిగా లేదని ఫిర్యాదు చేస్తాయి. దానికి మందు 2008 ప్యాకేజీ.

‘డీ3డీఎక్స్9’ తర్వాత 43 వంటి అంకె ఉంటే అది విండోస్‌లో గ్రాఫిక్స్ చూసుకునే డైరెక్ట్‌ఎక్స్‌లో పాత భాగం. ఎక్కువగా గేములకు, త్రీడీ డిజైన్ ప్రోగ్రాములకు అవసరం. ‘మా విండోస్‌లో డైరెక్ట్‌ఎక్స్ 12 ఉంది కదా’ అంటారు. ఉంది. కానీ ఈ పాత ఫైళ్లు అందులో రావు. 2010 జూన్ నాటి డైరెక్ట్‌ఎక్స్ రన్‌టైమ్ ప్యాకేజీని మైక్రోసాఫ్ట్ నుంచి విడిగా తెచ్చుకోవాలి.

‘ఏపీఐ ఎంఎస్ విన్ సీఆర్‌టీ’ అని పొడవుగా మొదలయ్యే పేరు విండోస్ 7 యంత్రాల్లో కనిపిస్తుంది. విండోస్ 10 నుంచి ఆ భాగం విండోస్‌లోనే ఉంది. పాత యంత్రానికి అప్‌డేట్ వేసి నెట్టుకురావచ్చు గానీ, విండోస్ 7కు 2020 జనవరి 14తో మద్దతు ముగిసింది. బ్యాంకు పనులు, జీఎస్‌టీ రిటర్నులు ఆ యంత్రం మీదే చేస్తుంటే ఈ చిన్న ఫైలు కన్నా అది పెద్ద సమస్య.

‘ఎంఎస్‌కోర్ఈఈ’ డాట్‌నెట్‌కు, అంటే చాలా ప్రోగ్రాములు నడవడానికి ఆధారపడే మైక్రోసాఫ్ట్ భాగానికి చెందినది. పాత బిల్లింగ్ ప్రోగ్రాములకు డాట్‌నెట్ 3.5 కావాలి. విండోస్ 10, 11లలో కంట్రోల్ ప్యానెల్ లోపలి ‘విండోస్ ఫీచర్స్’ జాబితాలో దాని పక్కన టిక్కు పెడితే చాలు.

పేరు వీటిలో దేనికీ కలవకుండా మీ ప్రోగ్రామ్ పేరులాగే ఉంటే అది ఆ ప్రోగ్రామ్ సొంత ఫైలు. దాని సెటప్‌ను మళ్లీ నడపడం తప్ప వేరే దారి వెతకకండి.

ఆ ఒక్క ఫైలును దింపుకొని విండోస్ సిస్టమ్32 ఫోల్డర్‌లో వేస్తే పోలా? మా అబ్బాయి అలాగే చేశాడు, పనిచేసింది.

కొన్నిసార్లు పనిచేస్తుంది. అందుకే ఈ అలవాటు పోవడం లేదు.

డీఎల్‌ఎల్ ఫైలులో ఉండేది నడిచే కోడ్. దాన్ని పిలిచిన ప్రోగ్రామ్‌కు ఉన్న అధికారాలన్నీ దానికీ వస్తాయి. ఆడిటర్ ఆఫీసులో అకౌంట్ల ప్రోగ్రామ్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా నడుపుతుంటే, ఎవరో తెలియనివారి సైటు నుంచి తెచ్చిన ఆ ఫైలు కూడా అడ్మినిస్ట్రేటర్‌గానే నడుస్తుంది. క్లయింట్ల పాన్ నంబర్లు, పాస్‌వర్డులు, డిజిటల్ సంతకం టోకెన్ అన్నీ ఉన్న యంత్రంలో అలాంటి ఫైలును మీ చేతులతో మీరే పెట్టడం ఎంత ప్రమాదమో ఆలోచించండి.

ఫైలు మంచిదే అనుకుందాం. అది ఏ వెర్షన్? ప్యాకేజీగా వేసుకుంటే మైక్రోసాఫ్ట్ విడుదల చేసే కొత్త వెర్షన్‌తో అన్ని ఫైళ్లూ కలిసి మారతాయి. విడిగా వేసినది ఏ ప్యాకేజీ లెక్కలోనూ ఉండదు, లోపాలతో అలాగే ఉండిపోతుంది. పైగా ఒక ఫైలు పోయిన చోట సాధారణంగా దాని తోటివి కూడా పోయి ఉంటాయి. ఒకటి వేస్తే ఇంకొకటి లేదంటుంది, అది వేస్తే మరొకటి. ప్యాకేజీ వేస్తే అన్నీ ఒకేసారి వస్తాయి, డబ్బు ఖర్చూ లేదు. విడి ఫైలు వెతకడానికి పట్టే సమయం కూడా పట్టదు.

నాది 64 బిట్ విండోస్. 64 బిట్ ప్యాకేజీ వేశాను. అయినా అదే సందేశం వస్తోంది.

చూడాల్సింది విండోస్‌ను కాదు, ప్రోగ్రామ్‌ను. 64 బిట్ విండోస్ మీద 32 బిట్ ప్రోగ్రామ్ కూడా నడుస్తుంది, కానీ దానికి 32 బిట్ లైబ్రరీలే కావాలి. మన దగ్గర వాడే పాత డీటీపీ, బిల్లింగ్ ప్రోగ్రాములు చాలావరకు 32 బిట్‌వే. అందుకే రెండు ప్యాకేజీలూ వేసుకోండి. ‘ఎక్స్86’ అని ఉన్నది 32 బిట్, ‘ఎక్స్64’ అని ఉన్నది 64 బిట్. ఒకదానితో ఒకటి గొడవపడవు.

ఇక్కడ ఒక తికమక ఉంది. 64 బిట్ విండోస్‌లో 64 బిట్ ఫైళ్లు ఉండేది సిస్టమ్32 ఫోల్డర్‌లో. 32 బిట్ ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64లో. పేర్లు చూస్తే తలకిందులుగా అనిపిస్తుంది. పాత ప్రోగ్రాములను 64 బిట్‌కు మార్చేటప్పుడు ఇబ్బంది రాకుండా మైక్రోసాఫ్ట్ పాత ఫోల్డర్ పేరును అలాగే ఉంచేసింది. చేత్తో ఫైలు వేసేవారు ఎక్కువగా పొరపడేది ఇక్కడే. తప్పు ఫోల్డర్‌లో తప్పు రకం ఫైలు పడితే ‘లేదు’ అనే సందేశం పోయి, 0ఎక్స్‌సీ000007బీ అనే సంఖ్యతో కొత్త సందేశం రావచ్చు. ఆ సంఖ్య కనిపిస్తే 32, 64 కలగాపులగం అయ్యాయేమోనని ముందుగా అనుమానించండి.

ప్రోగ్రామ్ ఆ ఫైలు కోసం ఎక్కడెక్కడ వెతుకుతుంది?

మామూలు ప్రోగ్రామ్ అయితే మొదట తన సొంత ఫోల్డర్‌లో, తర్వాత సిస్టమ్ ఫోల్డర్లలో, ఆపైన విండోస్ ఫోల్డర్‌లో, ప్రస్తుతం తెరిచి ఉన్న ఫోల్డర్‌లో, చివరగా ‘పాత్’ అనే జాబితాలోని ఫోల్డర్లలో. కొన్ని ముఖ్యమైన విండోస్ లైబ్రరీలను మాత్రం ఎప్పుడూ సిస్టమ్ ఫోల్డర్ నుంచే తీసుకుంటుంది.

సొంత ఫోల్డరే మొదటిది కాబట్టి రెండు విషయాలు గుర్తుంచుకోవాలి. ఒక ప్రోగ్రామ్ ఐకాన్‌ను, లేదా దాని ఒక్క ఈఎక్స్‌ఈ ఫైలును పెన్‌డ్రైవ్‌లో కాపీ చేసుకొని వేరే యంత్రంలో నడపబోతే ‘ఫైలు లేదు’ అనడం సహజం, తోటి ఫైళ్లు పాత ఫోల్డర్‌లోనే ఉండిపోయాయి. రెండోది, డౌన్‌లోడ్స్ ఫోల్డర్‌లో ఏళ్ల తరబడి పేరుకున్న ఫైళ్ల మధ్య నుంచి సెటప్‌ను నడపడం మంచిది కాదు. అక్కడ అదే పేరుతో దొంగ డీఎల్‌ఎల్ ఉంటే సెటప్ దాన్నే ఎత్తుకోవచ్చు. సెటప్‌ను ఖాళీ ఫోల్డర్‌లోకి మార్చి నడపండి.

విండోస్ సొంత ఫైళ్లే చెడిపోతే?

అందుకు విండోస్‌లోనే సాధనాలు ఉన్నాయి. కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరవండి. మొదట డీఐఎస్‌ఎం ఆదేశం ఇవ్వాలి: ‘డిస్మ్’, ఖాళీ, ఏటవాలు గీతతో ‘ఆన్‌లైన్’, ఖాళీ, ఏటవాలు గీతతో ‘క్లీనప్-ఇమేజ్’, ఖాళీ, ఏటవాలు గీతతో ‘రిస్టోర్‌హెల్త్’. ఇది విండోస్ దాచుకున్న మూల ప్రతులను సరిచేస్తుంది. కావలసినవి విండోస్ అప్‌డేట్ నుంచి తెచ్చుకుంటుంది కాబట్టి ఇంటర్నెట్ ఉండాలి. శాతం అంకె చాలాసేపు కదలకపోయినా కిటికీ మూసేయకండి.

అది పూర్తయ్యాక ‘ఎస్‌ఎఫ్‌సీ’, ఖాళీ, ఏటవాలు గీతతో ‘స్కాన్‌నౌ’ అని ఇవ్వండి. ఆ మూల ప్రతులతో పోల్చి చెడిన ఫైళ్లను మార్చేది ఇదే. ఈ వరస ముఖ్యం. మూల ప్రతే పాడై ఉంటే రెండోది దేనితో పోల్చాలి? అయితే ఇవి విండోస్ ఫైళ్లను మాత్రమే చూస్తాయి. మీ డీటీపీ ప్రోగ్రామ్ ఫైలు పోతే వీటివల్ల తిరిగి రాదు.

రెగ్‌ఎస్‌వీఆర్32 ఆదేశం ఇవ్వమని ఎవరో చెప్పారు.

అది కొన్ని ప్రత్యేకమైన డీఎల్‌ఎల్ ఫైళ్లను విండోస్‌లో నమోదు చేయడానికి. లేని ఫైలును అది తీసుకురాలేదు. పైన చెప్పిన విజువల్ సీ ప్లస్ ప్లస్ ఫైళ్లకు నమోదే అక్కర్లేదు.

కంప్యూటర్ ఆన్ చేయగానే ‘రన్‌డీఎల్‌ఎల్’ అనే పెట్టె వచ్చి ఏదో మాడ్యూల్ దొరకలేదంటుంది. అన్ని ప్రోగ్రాములూ బాగానే పనిచేస్తున్నాయి.

అయితే ఆ ఫైలును వెతకకండి, వెనక్కి తేకండి. తీసేసిన ప్రోగ్రామ్‌దో, యాంటీవైరస్ చంపేసిన వైరస్‌దో స్టార్టప్ జాబితాలో పిలుపు మాత్రం మిగిలిపోయింది. టాస్క్ మేనేజర్‌లోని స్టార్టప్ భాగంలో, టాస్క్ షెడ్యూలర్‌లో ఆ పేరు కోసం చూసి, ఆ పిలుపును ఆపేయండి. పేరు అర్థంపర్థం లేని అక్షరాల గుంపులా ఉంటే యాంటీవైరస్‌తో పూర్తి స్కాన్ కూడా చేయించండి.

పాత పేజ్‌మేకర్, తెలుగు ఫాంట్ల ప్యాకేజీతో ప్రెస్సు నడుపుతున్నాం. విండోస్ 11 యంత్రం కొన్నాం. ఏదో ఒకటి లేదంటూనే ఉంది.

ఈ ప్రశ్న ఏలూరు రోడ్డు నుంచీ అరండల్‌పేట నుంచీ ఒకేలా వస్తుంది. పేజ్‌మేకర్ చివరి వెర్షన్ 7, అది 2001 నాటిది. పెళ్లి శుభలేఖలు, కరపత్రాలు, పుస్తకాల పాత ఫైళ్లన్నీ అందులోనే ఉన్నాయి, చేతులూ దానికే అలవాటుపడ్డాయి. ఆ కష్టం మాకు తెలుసు.

మొదట తెలుసుకోవాల్సింది, 64 బిట్ విండోస్‌లో 16 బిట్ ప్రోగ్రాములు నడవవు. విండోస్ 11కు 32 బిట్ రూపమే లేదు. కొన్ని పాత ప్యాకేజీల్లో అసలు ప్రోగ్రామ్ 32 బిట్‌దే అయినా దాన్ని ఎక్కించే సెటప్ 16 బిట్‌ది. అలాంటప్పుడు సెటప్ మొదలే కాదు. దాంతో ఎవరో పాత యంత్రంలోని ఫోల్డర్‌ను మొత్తంగా కాపీ చేసి తెస్తారు. ఫైళ్లు వస్తాయి, సెటప్ చేసే నమోదులు, సిస్టమ్ ఫోల్డర్‌లో వేసే లైబ్రరీలు రావు. ఇక ఒకటి తర్వాత ఒకటి లేదంటూనే ఉంటుంది. డాంగిల్‌తో (లైసెన్సు తాళంలా యంత్రానికి తగిలించే చిన్న పరికరంతో) నడిచే ప్యాకేజీ అయితే దాని డ్రైవర్ కూడా కొత్త విండోస్‌కు తగినది కావాలి.

మా సలహా ఇది. రోజువారీ పనికి కొత్త యంత్రం, కొత్త ప్రోగ్రామ్ అలవాటు చేసుకోండి. పాత ఫైళ్లు తెరవడానికి పాత విండోస్‌ను కొత్త యంత్రం లోపలే వర్చువల్ మెషీన్‌గా (కంప్యూటర్ లోపల నడిచే మరో కంప్యూటర్‌లా) పెట్టుకొని, దానికి ఇంటర్నెట్ ఇవ్వకుండా వాడుకోండి. విండోస్ సీడీ, ప్యాకేజీ సీడీ, లైసెన్సు నంబర్లు పారేయకుండా ఉంటే ఇది సాధ్యమే.

‘ఎంట్రీ పాయింట్ దొరకలేదు’ అంటే అదీ ఇదీ ఒకటేనా?

కాదు. ఫైలు ఉంది. ప్రోగ్రామ్ అడిగిన పని అందులో లేదు. అంటే వెర్షన్ తేడా. ఎవరైనా ప్రోగ్రామ్ ఫోల్డర్‌లో చేత్తో వేసిన పాత ఫైలు ఉందేమో చూసి తీసేసి, సెటప్ మళ్లీ నడపండి.

మా కాలేజీ ల్యాబ్‌లో ఉబుంటు వాడతాం. అక్కడా ‘షేర్డ్ లైబ్రరీ తెరవలేకపోయాను’ అంటుంది.

ఉబుంటు కూడా ఒక లినక్సే. లినక్స్‌లో ఈ ఫైళ్ల పేర్ల చివర ‘ఎస్‌ఓ’, ఆ తర్వాత వెర్షన్ అంకె ఉంటాయి. ఆ అంకె అలంకారం కాదు. అంకె మారిందంటే పాత ప్రోగ్రాములు దానితో కుదరవని లైబ్రరీ రాసినవారు చెబుతున్నట్టు.

‘ఎల్‌డీడీ’ ఆదేశం తర్వాత ప్రోగ్రామ్ పేరు ఇస్తే దానికి కావలసిన లైబ్రరీలన్నీ, ఏవి దొరకలేదో సహా కనిపిస్తాయి. ఎక్కడి నుంచి వచ్చిందో తెలియని ప్రోగ్రామ్ మీద మాత్రం దాన్ని వాడకండి. పరిశీలించే క్రమంలోనే ఆ ప్రోగ్రామ్ కోడ్ నడిచే అవకాశం ఉంది. లేని ఫైలు ఏ ప్యాకేజీలో ఉందో ‘ఆప్ట్-ఫైల్’ చెబుతుంది, ‘ఆప్ట్’తో దాన్ని వేసుకోండి. మీరే కంపైల్ చేసి ‘యూఎస్‌ఆర్’ లోపలి ‘లోకల్’లో పెట్టుకున్న లైబ్రరీ కనపడకపోతే ‘సుడో ఎల్‌డీకాన్ఫిగ్’ అని ఒకసారి ఇవ్వండి. చాలాసార్లు అంతటితో తీరిపోతుంది.

విద్యార్థులు తరచూ అడిగేది ‘లిబ్‌ఎస్‌ఎస్‌ఎల్ 1.1’ గురించి. ఇది ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ అనే ఎన్‌క్రిప్షన్ లైబ్రరీకి చెందిన ఫైలు. ఉబుంటు 22.04 ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 3తో వచ్చింది, అందుకే 1.1 లేదు. వెర్షన్ 3 ఫైలుకు 1.1 అనే పేరుతో లింకు పెట్టమని కొందరు చెబుతారు. అలా పెట్టకండి. పేరు మారినంత మాత్రాన లోపలి పని మారదు. ఆ ప్రోగ్రామ్ కొత్త వెర్షన్ తెచ్చుకోవాలి, లేదంటే పాత ఉబుంటును కంటైనర్‌లో (మిగతా సిస్టమ్‌తో కలవకుండా విడిగా నడిచే అరలో) పెట్టి అందులో నడపాలి.

లేదంటున్న ఫైలు ఫోల్డర్‌లో కళ్లెదుటే ఉంది. అయినా లేదనే అంటోంది!

ఇది చాలామందిని విసిగించే సందర్భం. గుంటూరు నుంచి ఒక కోల్డ్ స్టోరేజీ గుమాస్తా ఇదే ఫిర్యాదుతో యంత్రం మోసుకొచ్చారు. టిక్కీల (మిర్చి బస్తాల) లెక్క, అద్దె లెక్క చూసే వాళ్ల ప్రోగ్రామ్ తన సొంత డీఎల్‌ఎల్ ఒకటి దొరకలేదని చెబుతోంది. ఆ ఫైలు అదే ఫోల్డర్‌లో నిక్షేపంగా ఉంది, సైజూ సరిగ్గానే ఉంది. ఆయన దాన్ని తీసి మళ్లీ వేశారు, వేరే యంత్రం నుంచి తెచ్చి వేశారు. మార్పు లేదు.

విషయం ఏమిటంటే, ఒక డీఎల్‌ఎల్ ఇంకొక డీఎల్‌ఎల్ మీద ఆధారపడుతుంది. ఆ రెండోది లేకపోయినా కొన్ని సందర్భాల్లో విండోస్ మొదటిదాని పేరే చెప్పి ‘దొరకలేదు’ అంటుంది. ఇలాంటప్పుడు మైక్రోసాఫ్ట్ వారి ‘ప్రాసెస్ మానిటర్’ పనికొస్తుంది. దాన్ని నడుపుతూ, మీ ప్రోగ్రామ్ పేరుతో వడపోసి, ప్రోగ్రామ్‌ను తెరవండి. ఏ ఫైలు కోసం ఏ ఫోల్డర్లలో వెతికిందో వరసగా కనిపిస్తుంది. ‘నేమ్ నాట్ ఫౌండ్’ అనే ఫలితం ఒక్కటి కనిపించగానే కంగారుపడకండి, ఒక ఫోల్డర్‌లో లేకపోతే తర్వాతి ఫోల్డర్‌కు వెళ్లడం మామూలే. ఒకే పేరును అన్ని ఫోల్డర్లలోనూ అడిగి ఎక్కడా దొరకకుండా ఆగిపోయిన చోట చూడండి. అసలు లేని ఫైలు అదే.

ఆ కోల్డ్ స్టోరేజీ యంత్రంలో అది ఎంఎస్‌వీసీఆర్100. 2010 నాటి 32 బిట్ ప్యాకేజీని ఎవరో తీసేశారు. అది వేయగానే ప్రోగ్రామ్ తెరుచుకుంది. మీరూ ఇలాంటి ఫిర్యాదుతో వస్తే సందేశం ఫోటో, ప్రోగ్రామ్ సెటప్ ఫైలు, లైసెన్సు వివరాలు వెంట తెచ్చుకోండి. డేటా బ్యాకప్ తీసుకొని ఎన్నాళ్లయిందో కూడా చెప్పండి, మేము మొదలుపెట్టేది అక్కడి నుంచే.